పక్కవాడి మాట వినే భారీ మనిషి: రే స్టీవెన్సన్ కెరీర్ మీద ఒక కేస్ స్టడీ

యాక్టింగ్ నేర్చుకోవడానికి నా దగ్గరికి వచ్చేవాళ్లలో ఏడాదికి ఒకరిద్దరు భారీ మనుషులు ఉంటారు. ఆరడుగులు దాటిన ఎత్తు, గుమ్మం నిండే భుజాలు, నోరు తెరిస్తే గది అదిరిపోయే గొంతు. వాళ్లందరిదీ ఒకటే బాధ. ఆఫీసుకు వెళ్లి ఫొటోలు ఇస్తే కో-డైరెక్టర్ ఒకసారి పైనుంచి కిందిదాకా చూసి, "ఫైటర్స్ యూనియన్ కార్డుందా?" అని అడుగుతాడు. వేషం దొరికినా విలన్ వెనక నాలుగో వరసలో చేతులు కట్టుకుని నిలబడటమే.

పోయిన ఏడాది అలాంటి కుర్రాడొకడు వచ్చాడు. వరంగల్ వైపు మనిషి, 31 ఏళ్లు. అప్పటిదాకా ఒక ఎలక్ట్రికల్ షాపు గోడౌన్‌లో స్టాక్ చూసుకునేవాడు. మొదటి రోజే, "సార్, నాకు లేట్ అయిపోయిందా?" అని అడిగాడు. లేదని చెప్పడం తేలికే. ఎందుకు లేదో చూపించాలంటే చేతిలో ఒక మనిషి జీవితం ఉండాలి. అందుకే రే స్టీవెన్సన్ కెరీర్‌ను మొదటినుంచి చివరిదాకా తీసుకుని కూర్చున్నాను. మనవాళ్లలో చాలామందికి ఆయన 'ఆర్ఆర్ఆర్'లో గవర్నర్ స్కాట్‌గా తెలుసు. ఆ వేషం వచ్చేసరికి ఆయన వెనక పాతికేళ్లకు పైబడ్డ పని ఉంది. ఇక్కడ రాస్తున్నది ఆ పని గురించి.

లేటుగా మొదలుపెట్టిన మనిషి

స్టీవెన్సన్ 1964 మే 25న ఉత్తర ఐర్లాండ్‌లోని లిస్‌బర్న్‌లో పుట్టాడు. తండ్రి బ్రిటిష్ వైమానిక దళంలో పనిచేసేవాడు. ఆయనకు ఎనిమిదేళ్లప్పుడు కుటుంబం ఇంగ్లండ్ ఈశాన్యాన న్యూకాజిల్ ప్రాంతానికి వచ్చేసింది. సినిమాతో, నాటకంతో సంబంధమున్న ఇల్లు కాదు. చదువయ్యాక లండన్‌లో ఒక ఆర్కిటెక్ట్ల సంస్థలో ఇంటీరియర్ డిజైనర్‌గా చేరాడు. నెల జీతం వచ్చే ఉద్యోగం.

పాతికేళ్ల ప్రాంతంలో లండన్ వెస్ట్ ఎండ్‌లో జాన్ మాల్కోవిచ్ నటించిన నాటకం చూశాడు. ఇక డ్రాయింగ్ బోర్డు ముందు కూర్చోలేకపోయాడు. బ్రిస్టల్ ఓల్డ్ విక్ థియేటర్ స్కూల్లో చేరి, కోర్సు పూర్తిచేసుకుని బయటికి వచ్చేసరికి 29 ఏళ్లు. డేనియల్ డే-లూయిస్, జెరెమీ ఐరన్స్, పీట్ పోసల్‌త్వెయిట్ లాంటి పేరున్న నటులు చదివిన స్కూలది. అక్కడ చదివినంత మాత్రాన ఎవరూ పిలిచి వేషం ఇవ్వరు. తర్వాతి పదకొండేళ్లు ఆయన చేసినవి ఎక్కువగా టీవీ వేషాలే: ఒక సీరియల్లో కొన్ని ఎపిసోడ్లు, ఇంకోదాంట్లో ఒకరి అన్న, మరోదాంట్లో ఒకరి ప్రియుడు. 1998లో కెన్నెత్ బ్రానా, హెలెనా బోనమ్ కార్టర్ నటించిన ఒక సినిమాలో చిన్న పాత్ర దొరికింది.

ఈ పదకొండేళ్లను చాలామంది ఒక్క వాక్యంలో దాటేస్తారు. నా లెక్కలో కెరీర్‌కు పునాది పడింది అప్పుడే. 2000లో యార్క్ మిన్‌స్టర్ అనే పెద్ద చర్చిలో, మధ్యయుగాల నాటి బైబిల్ నాటకాలను మళ్లీ వేశారు. అందులో ఆయన క్రీస్తు. 2003లో లండన్ నేషనల్ థియేటర్‌లో 'డచెస్ ఆఫ్ మాల్ఫీ'లో ఆయన కార్డినల్, అంటే సొంత చెల్లెలి చావుకు కారణమయ్యే మతాధికారి. మూడేళ్ల తేడాతో ఒకే శరీరం క్రీస్తుగానూ నిలబడింది, అలాంటివాడిగానూ నిలబడింది. మన కుర్రాళ్లకు ఇది చెప్పినప్పుడు ఎస్.వి.రంగారావు గారిని గుర్తుచేస్తాను. కీచకుడికీ, కూతురి పెళ్లి కోసం కుమిలిపోయే తండ్రికీ ఆయన వాడింది అదే భుజాలు, అదే గొంతు. శరీరం మారలేదు. ఎదుటి మనిషి మీద పెట్టిన ధ్యాస మారింది.

ఇసుకలో కూర్చున్న సైనికుడు

2004లో 'కింగ్ ఆర్థర్' సినిమాలో డాగొనెట్ అనే యోధుడి వేషం వచ్చింది. గుంపులో ఒకడు, డైలాగులు తక్కువ. కానీ ఆ సినిమాలో ఒక చిన్న పిల్లవాడిని చెర నుంచి బయటికి తెస్తారు. వాడిని దగ్గరికి తీసుకునేది ఈ భారీ మనిషే. తర్వాత గడ్డకట్టిన సరస్సు మీద శత్రువులు దూసుకొస్తుంటే, మీద బాణాలు పడుతున్నా గొడ్డలితో మంచు పగలగొడుతూ ప్రాణం వదులుతాడు. పిల్లవాడితో ఉన్న సీన్లు లేకపోతే ఆ చావు ఒక ఫైట్ షాట్‌గా మిగిలేది. ఆయన డైలాగులతో కాకుండా ఆ పిల్లవాడివైపు చూసే చూపుతో పాత్రను కట్టుకున్నాడు.

ఆ మరుసటేడు 'రోమ్' వచ్చింది. హెచ్‌బీఓ, బీబీసీ కలిసి తీసిన సిరీస్. రోమ్ నగరంలోని చినెచిత్తా స్టూడియోలో పెద్ద సెట్లు వేశారు. మొదటి సీజన్‌కే దాదాపు 10 కోట్ల డాలర్లు అయ్యాయంటారు. రెండు సీజన్లు, 22 ఎపిసోడ్లు, 2005 నుంచి 2007 దాకా. సీజర్ తన యుద్ధ చరిత్రలో పేరుపెట్టి రాసిన ఇద్దరు సైనికులు టైటస్ పుల్లో, లూసియస్ వొరీనస్. పుల్లోగా స్టీవెన్సన్, వొరీనస్‌గా కెవిన్ మెక్‌కిడ్. సిరీస్ మొదలైనప్పుడు స్టీవెన్సన్ వయసు 41.

మొదటి సీజన్ చివర్లో అరీనా సీన్ ఒకటుంది. దాన్ని నేను క్లాసులో సౌండ్ ఆపేసి మూడుసార్లు చూపిస్తాను. హత్య కేసులో శిక్ష పడ్డ పుల్లోను గ్లాడియేటర్ల ముందుకు తోస్తారు. అతను పోరాడడు. ఇసుకలో కూలబడిపోతాడు. అంతకుముందే తన కోపంతో ఒక అమాయకుణ్ణి చంపి ప్రాణస్నేహితుణ్ణి పోగొట్టుకున్నాడు, ఇక బతకాలని లేదు. ఎదుటివాళ్లు ఎంత వెక్కిరించినా తల ఎత్తడు. చివరికి వాళ్లు అతని దళాన్ని, పదమూడో లెజియన్‌ను తిడతారు. అప్పుడు లేస్తాడు. ఒక్కొక్కరినీ నరుకుతూ దళం పేరు అరుస్తాడు. ఒంట్లో సత్తువంతా అయిపోయాక, ఇంకా పెద్దవాడు ఒకడు మీదికొస్తాడు. చావు ఖాయమనుకున్న ఆ క్షణంలో జనంలో నిలబడి చూస్తున్న వొరీనస్ ఆగలేక బరిలోకి దూకుతాడు.

సౌండ్ లేకుండా మొదటిసారి చూసినప్పుడు కుర్రాళ్లు ఫైట్ గురించి మాట్లాడతారు. రెండోసారి రక్తం గురించి. మూడోసారికి ఎవరో ఒకరు అసలు సంగతి పట్టుకుంటారు: ఆ సీన్లో నటన ఎక్కువభాగం అతను కూర్చున్నప్పుడే జరిగిపోయింది. ఆ తిట్లు అతని చెవిలో పడుతున్నాయని మనకు కనిపిస్తుంది. ఏ మాటలు తగలడం లేదో, ఏ మాట తగిలిందో కూడా కనిపిస్తుంది. మనిషి లేచాకే మనకు ఒళ్లు గగుర్పొడుస్తుంది కానీ, దానికి కారణం లేవకముందు విన్న ఆ వినికిడే.

ఇక్కడే ఈ కేసులో నాకు దారి దొరికింది. స్టీవెన్సన్ పనిని వరసగా చూస్తే, మంచి పాత్రలన్నింటిలో ఆయన పక్కన ఒక మనిషి ఉంటాడు. డాగొనెట్‌కు ఆ పిల్లవాడు. పుల్లోకు వొరీనస్. 'బ్లాక్ సెయిల్స్'లో ఆయన చేసిన బ్లాక్‌బియర్డ్ అనే ఓడదొంగకు, కొడుకులా చూసుకునే చార్లెస్ వేన్. పక్కనున్నవాడి మాట వినేటప్పుడు ఆ శరీరం మెత్తబడుతుంది. మెత్తబడగలదని తెలిశాక, అది బిగుసుకున్నప్పుడు మనకు భయం వేస్తుంది.

ఒంటరిగా నిలబెట్టినప్పుడు

'రోమ్' తర్వాత ఆయనను హీరోగా నిలబెట్టాలని చూశారు. 2008 డిసెంబర్‌లో 'పనిషర్: వార్ జోన్' వచ్చింది. కామిక్ పుస్తకాల హీరో, పగతో ఒంటరిగా తిరిగేవాడు. దాదాపు 3.5 కోట్ల డాలర్లతో తీస్తే ప్రపంచమంతా కలిపి కోటి డాలర్ల దగ్గరే ఆగిపోయింది. తర్వాత 2011లో 'కిల్ ది ఐరిష్‌మాన్'. 1970ల నాటి క్లీవ్‌లాండ్ గ్యాంగ్‌స్టర్ డానీ గ్రీన్ జీవితకథ. బాగా చేశాడు, కానీ తక్కువ థియేటర్లలో వచ్చి వెళ్లిపోయింది.

పనిషర్‌లో ఆయన తప్పు చేశాడని నేను అనను. ఆ పాత్ర రాసిన తీరే అలాంటిది. భార్యా పిల్లలు చనిపోయారు, మనసు విప్పి మాట్లాడటానికి దాదాపు ఎవరూ లేరు, సినిమా అంతా తుపాకీతో నడుస్తుంది. వినడమే బలంగా ఉన్న నటుణ్ణి వినడానికి ఎవరూ లేని చోట నిలబెట్టారు. మనవాళ్లకూ ఇదే జరుగుతుంది. ఒక క్యారెక్టర్ ఆర్టిస్ట్ రెండు సినిమాల్లో అదరగొట్టగానే హీరోగా పెట్టి సినిమా తీస్తారు. పక్కన ఎవరినీ ఉంచరు. అది ఆడకపోతే "మార్కెట్ లేదు" అంటారు.

ఆయన అక్కడ ఆగిపోలేదు. నాకు గౌరవం కలిగేది ఇక్కడే. 2010లో 'ది బుక్ ఆఫ్ ఈలై'లో గ్యారీ ఓల్డ్‌మన్ కింద పనిచేసే మనిషిగా కనిపించాడు. 2011లో 'థోర్'లో వోల్‌స్టాగ్ అనే యోధుడి వేషానికి ఒంటికి మెత్తలు కట్టుకుని లావుగా మారాడు. అదే ఏడాది 'త్రీ మస్కటీర్స్' సినిమాలో ముగ్గురు ఖడ్గవీరుల్లో ఒకడైన పోర్తోస్. 44 ఏళ్లకు హీరో అయినవాడు రెండు మూడేళ్లు తిరక్కుండానే మళ్లీ మూడో, నాలుగో స్థానానికి వచ్చి నిలబడటం అందరివల్లా కాదు. ఫోన్ రాకపోతే ఇంట్లో కూర్చునే టెన్షన్ ఎలా ఉంటుందో ఈ ఫీల్డులో ఉన్న ప్రతివాడికీ తెలుసు. వోల్‌స్టాగ్ మీద మాత్రం నాకు ఒక అసంతృప్తి ఉంది. మూడు సినిమాల్లో ఉన్నా ఆ పాత్రకు తినడం, నవ్వడం తప్ప పెద్దగా ఏమీ ఇవ్వలేదు. 2017లో వచ్చిన మూడో సినిమాలో క్షణాల్లో చంపేశారు.

నా దృష్టిలో ఆయన చేసిన వాటిలో అన్నిటికన్నా పెద్ద పాత్ర టీవీలోనే ఉంది. 2012లో 'డెక్స్‌టర్' ఏడో సీజన్‌లో ఐజాక్ సిర్కో, ఉక్రెయిన్ ముఠా నాయకుడు. తన మనిషి విక్టర్‌ను చంపిన కథానాయకుడు డెక్స్‌టర్ కోసం వెతుకుతాడు. మనమందరం అది ముఠా పగ అనుకుంటాం. తర్వాత ఇద్దరూ ఒక బార్‌లో పక్కపక్కన కూర్చుని మాట్లాడుకుంటారు. అప్పుడు తెలుస్తుంది, విక్టర్ అతని ప్రేమికుడు. ఎదురుగా ఉన్నది తను చంపాలనుకున్న మనిషి. జనం మధ్యలో ఉన్నారు కాబట్టి చెయ్యి ఎత్తడానికి లేదు. స్టీవెన్సన్ గొంతు పెంచడు, కన్నీళ్లు పెట్టడు. పోగొట్టుకున్న మనిషి గురించి, ఆ చావుకు కారణమైనవాడికే చెబుతాడు, వినగలిగినవాడు వాడొక్కడే అన్నట్టు. చంపబోయేవాడికీ చావాల్సినవాడికీ మధ్య అలాంటి మర్యాద నేను తెర మీద చాలా తక్కువసార్లు చూశాను.

తూటా లెక్క

2019 నవంబర్‌లో 'ఆర్ఆర్ఆర్' టీమ్ ఆయన పేరు ప్రకటించింది. సినిమా 2022 మార్చి 25న వచ్చింది. నా కేసుకు ఇది పరీక్షలాంటిది. ఎందుకంటే గవర్నర్ స్కాట్ పాత్రలో ఆయనకు అలవాటైన ఆసరా ఏదీ లేదు. స్నేహితుడు లేడు, పిల్లవాడు లేడు, పోగొట్టుకున్న ప్రేమ లేదు. చూసేవాళ్లు అతనిలో మంచిని వెతకకూడదు. రాజమౌళికి కావలసింది కథకు రావణుడు. ఎదుటి మనిషి మాట వినని వేషంలో వినే నటుడు ఏం చేయాలి?

జవాబు మొదటి సీన్లోనే ఉంది. ఆదిలాబాద్ అడవిలో గోండు గూడెం. పాట పాడిన పిల్ల మల్లిని ఎత్తుకుపోతున్నారు. తల్లి కారు వెంట పడుతుంది. ఒక సిపాయి తుపాకీ ఎక్కుపెడతాడు. స్కాట్ ఆపుతాడు. ఒక్క క్షణం జాలిపడ్డాడేమో అనిపిస్తుంది. అప్పుడు తూటా గురించి చెప్పడం మొదలుపెడతాడు. అది ఎక్కడ తయారైంది, ఎన్ని సముద్రాలు దాటి ఇక్కడికి చేరింది, ఈ తుపాకీలోకి వచ్చేసరికి దాని విలువెంత. ఆ ఆడమనిషి ప్రాణానికి అంత ఖర్చు ఎందుకని. సిపాయి తుపాకీ దించి పక్కనున్న కర్ర దుంగ అందుకుంటాడు.

ఈ డైలాగ్‌ను పళ్లు కొరుకుతూ చెప్పే నటులు వందమంది దొరుకుతారు. స్టీవెన్సన్ దాన్ని కొత్తగా చేరిన గుమాస్తాకు స్టోర్ లెక్క నేర్పే పెద్ద క్లర్కులా చెప్పాడు. ఏ సీన్లో అయినా పక్క మనిషికి ఇచ్చే ఆ ధ్యాసంతా ఇక్కడ తూటాకు ఇచ్చాడు. ఆ తల్లికి ఒక్క పిసరు కూడా ఇవ్వలేదు. ఆ సీన్లోని క్రూరత్వమంతా అక్కడే ఉంది. గోడౌన్‌లో స్టాక్ రాసిన నా కుర్రాడు ఇది చూసి వెంటనే, "సార్, మా ఓనర్ డ్యామేజీ సరుకు గురించి ఇలాగే మాట్లాడేవాడు" అన్నాడు. అంతకన్నా మంచి విశ్లేషణ నేను చేయలేను.

సినిమా అంతా ఆయన ఆ లెక్కను వదల్లేదు. భీమ్‌ను జనం ముందు కొరడాతో కొట్టే సీన్లో రక్తం చూడాలన్న ఆత్రం భార్య కేథరిన్‌గా చేసిన అలిసన్ డూడీది. ముళ్ల కొరడా ఇప్పించేది ఆమే. స్కాట్ అక్కడ పాలకుడిలా కూర్చుని చూస్తాడు. ఇద్దరూ ఒకే స్థాయిలో అరిస్తే ఇద్దరూ తేలిపోయేవారు. పక్క నటి ఏం తీసుకుంటుందో చూసి, మిగిలింది తను తీసుకోవడం కూడా వినడమే. కథ చివర్లో ఇంగ్లండ్ తూటాకే అతను పోతాడు. మొదటి సీన్లో లెక్క అంత నెమ్మదిగా చెప్పి ఉండకపోతే ఆ చివరి తూటాకు థియేటర్లో అన్ని ఈలలు పడేవి కావు.

ఒక కష్టమైన స్టంట్ చేసేటప్పుడు ఆయనకు 56 ఏళ్లని, అయినా వెనకాడలేదని ఆయన పోయిన రోజు చిత్ర బృందం రాసింది. సెట్‌కు ఆయన తెచ్చిన ఉత్సాహం గురించి రాజమౌళి ప్రత్యేకంగా చెప్పారు.

ఆయన 2023 మే 21న ఇటలీలోని ఇస్కియా దీవిలో చనిపోయాడు. ఇంకో సినిమా షూటింగ్‌కు వెళ్లి ఉన్నాడు. నాలుగు రోజులు ఆగితే 59 నిండేవి. మూడు నెలల తర్వాత ఆయన చివరి పెద్ద వేషం 'అసోకా' అనే స్టార్ వార్స్ సిరీస్‌లో వచ్చింది. మొదటి ఎపిసోడ్‌ను ఆయనకే అంకితం చేశారు. అందులో బేలన్ స్కోల్, ఒకప్పటి జెడై యోధుడు. పక్కన షిన్ అనే శిష్యురాలు. యుద్ధం మధ్యలో కూడా ఆమెతో ఓపిగ్గా, దాదాపు బాధగా మాట్లాడతాడు. సీజన్ ముగిసేసరికి ఒక మహా శిల్పం చాచిన రాతి చేతి మీద నిలబడి దూరంగా చూస్తుంటాడు. ఆ తర్వాతి కథకు వేరే నటుణ్ణి తీసుకోవాల్సి వచ్చింది.

క్లాసులో ఏం చేశాం

ఈ కేసు తయారుచేయడానికి ముందు నేను ఒక తప్పు చేశాను. ఆ కుర్రాడికి మొదట్లో, "నీ ఆస్తి నీ గొంతే, దాన్ని వాడు" అని చెప్పాను. ఒక ఆడిషన్‌లో ఫైనాన్స్ వసూళ్లు చేసేవాడి సీన్ ఇచ్చారు. నా మాట విని బల్ల గుద్ది అరిచాడు. అర నిమిషం కాకముందే "చాలు బ్రదర్" అన్నారట. ఆ రాత్రి ఫోన్‌లో అతను ఏమీ అనలేదు. ఆ మౌనం నన్ను చాలా రోజులు వదల్లేదు. పెద్ద మనిషి అరిస్తే అది వార్త కాదు, ముందే తెలిసిందే. అంత చిన్న విషయం నేను చూసుకోలేదు.

తర్వాత అదే సీన్‌ను మళ్లీ తీసుకున్నాం. ఈసారి నిజమైన పది రూపాయల నోట్లు ఒక కట్ట ఇచ్చాను. అప్పు తీసుకున్నవాడి మొహం చూడొద్దు, డబ్బు చూడమన్నాను. నోట్ల మడతలు విప్పుతూ, చిరిగిన మూలలు బొటనవేలితో సరిచేస్తూ, గాంధీ బొమ్మలన్నీ ఒకవైపుకు తిప్పుతూ డైలాగ్ చెప్పాడు. మధ్యలో ఒక నోటు మరీ నలిగి ఉంటే పక్కన పెట్టి, దాని గురించే మాట్లాడుతున్నట్టు, "ఇది చెల్లదు" అన్నాడు. అది డైలాగ్ పేపర్లో లేదు. అప్పు తీసుకున్నవాడిగా చేస్తున్న కుర్రాడు తన మాట మర్చిపోయి నిలబడిపోయాడు.

దానికన్నా కష్టమైంది రెండో అభ్యాసం. ఇద్దరు కూర్చోవాలి. ఒకరు తమ జీవితంలో నిజంగా జరిగింది చెప్పాలి. ఇతను రెండు నిమిషాలు వినాలి, అంతే. మొదటి వారం అతనికి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. మోకాళ్ల మీద, ఒళ్లో, కుర్చీ చేతుల మీద మారుస్తూనే ఉన్నాడు. ఇంత శరీరం మోసేవాళ్లకు ఇది మామూలే. చిన్నప్పటినుంచి ఎవరికీ అడ్డం రాకుండా సర్దుకోవడం అలవాటైపోయి, స్థిమితంగా కూర్చోవడం మర్చిపోతారు. నాలుగో వారానికి చేతులు ఆగాయి. చెబుతున్న అమ్మాయి వాళ్ల నాన్న హాస్పిటల్ బిల్లు దగ్గరికి రాగానే, ఇతని దవడ కొద్దిగా కదిలింది. గదిలో అందరం అది చూశాం.

మొన్న శామీర్‌పేట వైపు ఒక వెబ్ సిరీస్ షూటింగ్‌లో హెడ్ కానిస్టేబుల్ వేషం దొరికింది. రెండు సీన్లు. రెండోదాంట్లో యాక్సిడెంట్‌లో కొడుకును పోగొట్టుకున్న తండ్రి స్టేషన్‌కు వస్తాడు. సాయంత్రం ప్యాకప్ అయ్యాక ఫోన్ చేశాడు.

"సార్, నా డైలాగులు కట్ చేశారు. ఒక్కటే ఉంచారు."

నేను ఏదో ఓదార్పు చెప్పబోతుంటే మళ్లీ అందుకున్నాడు.

"కానీ ఆయన ఏడుస్తుంటే నా మీద క్లోజప్ పెట్టారు సార్. ఇంకోసారి కూడా తీశారు."

ఎడిటింగ్ ఇంకా మొదలుకాలేదు. ఆ క్లోజ్ ఉంటుందో లేదో వచ్చే నెల తెలుస్తుంది. ఈ ఆదివారం క్లాసులో మాత్రం 'డెక్స్‌టర్'లోని ఆ బార్ సీన్ సౌండ్‌తో వేయబోతున్నాను.